మూడు పట్టీలు

గుద్దింది నేనే.
ఎవరి మీదైనా పెడదామంటే ఇంట్లో ఇంకెవరూ లేరు.
యాభై రెండేళ్లకు కొనుక్కున్న పాత కారు,
రివర్సు అనుకొని వేసింది ఫస్టు గేరు.
ఉపాసమున్నోళ్ల కడుపు మాదిరి
షట్టరు లోపలికి పోయింది,
కింద నుంచి నాలుగు, ఐదు, ఆరో పట్టీ.

ఆ రాత్రి అది పైకీ పోలేదు, కిందికీ రాలేదు.
మోకాలెత్తున నిలబడిపోయి
వీధిలో పిల్లులన్నిటికీ వాకిలయ్యింది.

గుత్తి రోడ్డు నుంచి కుళ్లాయప్ప వచ్చినాడు,
ఆటో పైన కట్టిన కొత్త పట్టీలు
ముందూ వెనకా మూరెడు మూరెడు ఊగుతా.
రైల్వే ఆసుపత్రిలో నేను పిల్లోళ్ల పొట్టలు తడిమినట్టే
సొట్టంతా తడిమి చూసినాడు.
"మొత్తం మార్చే పనిలేదమ్మా. చెడింది మూడే.
మిగతావి ఇంకా నీకంటే గట్టిగా ఉండాయి.
కానీ ఇవి ముందుకు ఊడి రావు.
ఒకదాని కొక్కెంలో ఒకటి దూరి ఉంటాది,
పక్కకు లాగాల్సిందే.
తొమ్మిది అడుగుల జాగా కావల్ల."

పక్కన ఉండేది జాగా కాదు.
వన్నూరమ్మ ఇల్లు.
నడుమెత్తు గోడ.
మా కూలరు నీళ్లు ఆమె బండల మీద పారిన ఎండాకాలం నుంచి,
అంటే నాలుగేళ్లు,
గోడకు అటు మాట ఇటు రాలేదు.

కుళ్లాయప్పకు ఇవేవీ తెలీవు.
సుత్తితో నాలుగు పెట్టి, షట్టరును గోడకంటే ఎత్తుకు చుట్టి,
పక్కనున్న ఇనుప గాడి విప్పి
గోడ మీది నుంచి కేకేసినాడు:
"అక్కా, ఈ కొస పట్టుకో!"

వచ్చింది.
కొంగుతో కాదు, గోనెపట్టతో పట్టుకుంది,
అంచు కోసుకుంటాదని తెలిసిన మనిషి.
పళ్లు జివ్వుమనేట్టు గరగరలాడుతా
నా తప్పు అడుగడుగే ఆమె వాకిట్లోకి జరిగింది.
ఈ కొస నేను నెడతా ఉంటే
ఆ కొస ఆమె లాగింది.
నడిమధ్యన సొట్ట.

స్టేషను దిక్కు గూడ్సు బండి వెనక్కి పోతా ఉంది,
డబ్బాకు డబ్బా తగిలిన చప్పుడు
గుంటకల్లు సగానికి వినపడేట్టు.
"అంత పొడుగు బండే ఎనక్కు పోతాది.
నీకేమొచ్చిందే, నర్సూ?"
అన్నది.
నన్నే.

కొత్తవి మూడూ ఆమె వైపు నుంచే లోపలికొచ్చినాయి.
చేతులు కడుక్కోమని చెంబు అందించబోతే
తన కొళాయి తనకుందని గడ్డంతో చూపించింది.

ఎలిసిన ఆకుపచ్చ నడుమ మూడు తెల్ల గీతలు.
కుళ్లాయప్ప రంగు నంబరు చీటీ మీద రాసిచ్చినాడు:
"పన్నెండేళ్ల ఎండ తిన్న పచ్చ ఏ డబ్బాలోనూ దొరకదు.
దగ్గర దగ్గరగా తెచ్చుకో."

ఇప్పుడు రోజూ నాలుగున్నరకు
పడమటెండ ఆ మూడింటి మీద పడి
ముందుకు జరిగిన ఆమె అరుగు మీదికి మళ్లుతాది.
చాటలో బియ్యం పక్కనబెట్టి, కళ్లకు చెయ్యి అడ్డం పెట్టుకొని
అరుస్తాది వన్నూరమ్మ:
"ఆ అద్దాలకు రంగెయ్యవా, ఏమి?"
రేపేస్తాలే, అంటాను.

చీటీ బీరువాలో ఉంది.
డబ్బా మూడు వందల నలభై.
కొనలేనిదేం కాదు.