మూతలేని కజ్జికాయ

పొద్దు పుట్టకముందే వెన్న బయటికి తీసినా.
ఏడు దాటితే తాడిపత్రిలో వెన్న వెన్నగా నిలవదు,
నెయ్యి కావాలని ఉబలాటపడ్తాది.

పిండికి చల్లటి బండ కావాల.
మా ఇంట్లో బండలకేం కొదవ?
అంచు విరిగిందని ఫ్యాక్టరీలో పారేసిన నాపరాయి,
రెండు మూరలది, నేనే పాలీషు పట్టింది,
నాలుగేండ్లుగా వంటింటి మూలలో
ఉల్లిగడ్డలు మోస్తా ఉండాది.
ఈ పొద్దు దాన్ని కడిగి పండబెట్టినా.
చెంప ఆనిస్తే బాయి గట్టు.

మాబున్ని ఎప్పుడూ అంటాది,
నీవి కప్పచేతులు, తాకొద్దు పో, అని.
పదారేండ్లు నీళ్ళు పారే మిషను కింద
రాయి రుద్దిన చేతులు
ఎండాకాలంలో గూడా వెచ్చబడవు.
ఫోన్లో ఆ వంటామె మాత్రం
"చేతులు చల్లగా ఉండాలి" అని మూడుసార్లు చెప్పె.
నా బిడ్డ షెమీమ్ నా వైపు తిరిగి చూసె.
ఇంట్లో నాకూ ఒక పనుందని
అప్పుడే తెలిసింది.

మైదా, వేయించి దంచిన బుడ్డల పొడి,
వెన్న ముక్కలు.
వేళ్ళ కొసలతోనే నలపాల, అరచెయ్యి తగలగూడదు.
జొన్నరవ్వ మాదిరి పొడిపొడిగా రాలాల.
ఆ పదును నాకు తెలుసు:
ఎక్కువ రుద్దితే
రాయి గూడా మచ్చ పడ్తాది.

చీనీకాయల ధర పడిపోయిందని
మా బామ్మర్ది గోనెసంచి అరుగు మీద దించి
మాట్లాడకుండా పోయినాడు మొన్న.
తొక్క తీసి, గింజ తీసి, తెల్ల పొర తీసి,
పొర రొంత మిగిలినా చేదే.
రసంలో చక్కెర, గుడ్లు, సన్నమంట.
గరిటె వెనక గీసిన గీత
కలిసిపోకుండా నిలబడేదాకా తిప్పాల.

ఇంగ మరువం.
పూలబజారులో సుంకులమ్మను అడిగితే
మల్లెలు గూడా మూరేయబోయె.
పూలొద్దు, ఉత్త మరువమే.
"ఎవురి తలకు?"
తలకు కాదక్కా, పిండి మీదికి.
ఎగాదిగా చూసి
పక్కంగడామె చెవిలో ఏదో అనె.
ఇద్దరూ నవ్విరి. కట్టకు పది రూపాయలు మాత్రం వదల్లేదు.

ఓవెన్ లేదు. పాత డేకిసా అడుగున పెన్న ఇసుక,
మూడు నీళ్ళు కడిగి ఆరబోసింది.
నీళ్ళియ్యడం మరిచిన ఏరు
వేడన్నా పట్టుకుంటాదిలే అనుకున్యా.
మొదటిది పొంగి, పగిలి, మాడె.
మాయమ్మ పీట మీద నుంచి లేవకుండానే
"మూతలేని కజ్జికాయ గదరా ఇది!
మూతుంటే మాడినా ఎవురికీ తెలిసేది కాదు."
రెండోదాని మీద కాగితం, కాగితం మీద
బరువుకు అరసేరు అలసందలు.
అది అణిగి, ఎర్రగా కాలి, పళ్ళెం అంచు వదిలె.
రసం పోసి, తొనలు పేర్చి,
మరువం చిదిమి పైన చల్లింది షెమీమ్.

మధ్యాన్నం ఖాళీ బుట్టతో సుంకులమ్మ
మా వీధినే పోతాంటే పిలిచినా.
ఎండకు మెట్టు మీదే కూలబడి
విస్తరాకు ముక్కలో పెట్టింది తీసుకునె.

మొగుడు పోయి పదకొండేండ్లు.
ఆ వాసన ఆమె వేళ్ళ దాకే,
మోచెయ్యి దాటి పైకి రానియ్యలేదు.
రోజూ బుట్టెడు మోసి, తుంచి, కట్టి,
చెయ్యి కడుక్కొని ఇంటికి పోయేది.

మొదటి కొరుకు కరకరమనె.
రెండోదానికి నమలడం ఆగిపోయె.
"ఇది నేను తినొచ్చునా?"
తినేసినావు గదక్కా, అనె మాబున్ని.
అవునే, అని
ఆకులో రాలిన పచ్చటి నలుసులు
వేలితో అద్దుకొని అద్దుకొని నాకె.
నీళ్ళిస్తే వద్దనె.
చేతులు కడుక్కోకుండానే పోయె.

మరుసటి దినం డ్యూటీకి పోతాంటే
పూలబజారులో ఎవురో పిల్ల
రెండు కట్టలు మరువం ఇయ్యమంటాంది.
సుంకులమ్మ దారం కొరికి, తలెత్తి,
"తలకా, పిండికా?"