జానెడు కిందికి

శుక్రవారం మధ్యాహ్నం. జాబ్రియాలో మామా కునుకు తీసే వేళ.
మేడ మీద మా గదికి కిటికీ లేదు.
ఏసీ పెట్టబోయి మానేసిన బొక్క ఒకటి ఉంది,
దానికి అడ్డంగా బాస్మతి బియ్యం సంచి.

పియసీలి ఫోనును ఉల్లిపాయల బుట్టకు ఆనించింది.
పగిలిన గాజు మీద తెలుపూ నలుపూ జల్లు.
వాళ్ళ సింహళం సినిమా, మేమెవరమూ పుట్టకముందుది.
వాళ్ళమ్మ పదకొండుసార్లు చూసిందట
కొబ్బరి పీచు తాళ్ళు పేని, ఆ డబ్బుల్తో, నేల టిక్కెట్టు.

నాకు సింహళం రాదు, దానికి తెలుగు రాదు.
ఇద్దరికీ మధ్య వంటింటి అరబ్బీ,
గిన్నెలతో పాటు తోమీ తోమీ అరిగిపోయింది,
క్రియలు కూడా మిగల్లేదు.
"బింత్. బహర్. రజ్జాల్ మాఫీ."
పిల్ల. సముద్రం. మగవాడు లేడు.
చాలు, మిగతాది నాకు తెలుసు.

తెరమీద ఆ పిల్ల కిటికీ దగ్గరికొచ్చింది.
నిలబడి చూడలేదు.
నడుము వంచి, చట్రానికి చెంప ఆనించి
అట్లా వంగే చూసింది, పోతున్న పడవని.
ఏడవలేదు. మెడ వెనక ఎముక ఒక్కటే కదిలింది.
ఏడ్చింది పియసీలి.

ఆ కిటికీ
నాకు తెలుసు.

మా అబ్బ మస్తానయ్య, నాయుడుపేట వడ్రంగి,
మద్రాసు స్టూడియోలో సెట్టింగులు కొట్టిన మనిషి.
సిలోనోళ్ళు పడవెక్కి వచ్చి
సినిమా తీసి డబ్బాల్లో పట్టుకుపోయే రోజులు.
"ఎనిమిది రోజుల్లో సిలోను కట్టినా నేను" అనేవాడు,
చుట్టని బుగ్గ పక్కకి నెట్టి.
"గోనెపట్టా, సున్నం, మూడే మూడు నిజం కొబ్బరిమట్టలు."
అందులో ఒక కిటికీ కొలత తప్పింది.
జానెడు కిందికి దిగింది.
జబ్బుపడ్డ మా అవ్వ మంచం మీంచే వీధి చూడాలని
ఇంటికాడ ఏ ఎత్తున పెట్టాడో
చెయ్యి ఆ ఎత్తుకే పోయింది.
మేస్త్రీ తిట్టాడు, రోజు కూలి కోశాడు.
డైరెక్టరు మాత్రం ఆ పిల్లని పిలిచి
వంగమన్నాడు.

ఆ సినిమా ఆడాక పియసీలి వాళ్ళ ఊళ్ళో, అంబలంగొడ పక్కన,
ఆడవాళ్ళు అటువంటి కిటికీలే అడిగారట.
అమ్మ అడిగింది, పిన్ని అడిగింది,
మొగుడు చేపల వేటకి పోయే ప్రతి ఇల్లూ అడిగింది.
ఇప్పుడు ఎందుకని అడిగితే, మా ఊళ్ళో అంతే, అంటారట.
చూసినవాళ్ళు పోయారు. హాలు సిమెంటు గోడౌనయింది.
కిటికీలు మాత్రం కిందే ఉన్నాయి.

"జిద్దీ నజ్జార్" అన్నా. మా తాత వడ్రంగి.
వేలు పెట్టి చూపించా.
నా వేలి కింద సినిమా ఆగిపోయింది.
పియసీలి నన్ను చూసింది, కిటికీని చూసింది.
"కజ్జాబ్" అంది, ముక్కు తుడుచుకుంటూ నవ్వి.
అబద్ధాలకోరునట.
నేనైనా నమ్ముతానా?
షూటింగు అయిన సాయంత్రమే ఆ ఇల్లు విప్పి
మేకులు లెక్కబెట్టి తీసుకున్నారు.

అంతలో వాళ్ళాయన వీడియో కాల్.
తొమ్మిదేళ్ళ కువైటు దీనార్లు
మొలలోతు గోడై నిలబడి ఉన్నాయి తెరలో.
పక్కన తాపీవాడు, చేతిలో దారం.
వాళ్ళ మాటల్లో నాకు ఒక్కటీ అర్థం కాలేదు,
ఏమడిగాడో అర్థమయింది.

పియసీలి లేచి నిలబడింది.
కింద మామా గంట కొడుతోంది, మళ్ళీ కొడుతోంది.
ఖాళీ గాల్లో అరచెయ్యి చాపి
నడుం దగ్గర ఆపింది.
నా వైపు ఓరగా చూసి
ఇంకో జానెడు
దించింది.