కనరు

గురువారం మధ్యాహ్నం నా పని
యాపిల్స్ కోయడం.
హ్యూవాన్ లోయ నుంచి పెట్టెడు వస్తాయి.
ఒకటి ఇప్పుడే కోసినట్టుండాలి,
ఒకటి పది నిమిషాల కిందట,
ఒకటి నిన్నటిది.
కెమెరాకి అంత ఓపిక ఉండదు కదా,
అందుకని కాలాన్ని
నేనే పళ్ళెంలో వరసగా పేర్చిపెడతాను.

మిగతా నాలుగు రోజులూ
ఆయన ల్యాబులో బఫర్లు కలిపి, గాజుసామాను కడిగి,
మైనస్ ఎనభై ఫ్రీజర్లో మంచు గీకుతాను.
ప్రొఫెసర్ డెస్మండ్ క్విల్టీ
ఒకే ఒక్క ఎంజైము వెనక పంతొమ్మిదేళ్ళు తిరిగాడు.
టీవీలో దానికి మూడు నిమిషాలు,
మధ్యలో ఒక జోకు.

హోబార్ట్‌లో ఇప్పుడాయన్ని గుర్తుపట్టనివాళ్ళు లేరు.
రేవులో చేపలు వేయించే బండి దగ్గర ఆపి
మా రొట్టెపిండి ఎందుకు పొంగట్లేదు ప్రొఫెసర్, అంటారు.
చేతిలో పొట్లం చల్లారిపోయేదాకా చెబుతాడు.
డిపార్ట్‌మెంట్లో మాత్రం
'వచ్చాడు మన హీరో' అంటారు
కాఫీ కప్పుల చాటునుంచి.
ఈసారీ గ్రాంటు రాలేదు.

మొన్న మేకప్ వేయించుకుంటూ అడిగాడు:
మీ భాషలో ఏమంటారు, ఈ రంగుని?
రంగు కాదండీ, అన్నాను.
వంకాయ తరిగి ఉప్పునీళ్ళలో వెయ్యకపోతే
కనరెక్కుతుంది.
నల్లబడడమూ, నాలిక్కి వగరుగా పట్టుకోవడమూ
రెండూ కలిపి ఒకటే మాట.
మా అమ్మమ్మకి ఎంజైము తెలీదు,
ఉప్పెంతో తెలుసు.

'కనరు', అన్నాడు, ర దగ్గర నాలుక జారిపోయి.
మళ్ళీ అన్నాడు.
మెడ చుట్టూ కాగితం, సగం మొహానికే పౌడరు.
నేను ముక్కలకి నిమ్మరసం రాస్తున్నాను.
గాలి సోకినట్టు కనపడకూడదు,
ఆయనకైనా, వాటికైనా.

ఆవేళ డెవన్‌పోర్ట్ నుంచి బడిపిల్లలొచ్చారు.
రెండో వరసలో ముందుపళ్ళూడిన పిల్ల
చెయ్యెత్తి అడిగింది:
కోస్తే యాపిల్‌కి నొప్పేస్తుందా?
అందరూ నవ్వారు.
ఆయన నవ్వలేదు.
తెర వెనక, నా చేతిలో కత్తి.

ఒకటి. రెండు. మూడు.
నాలుగో సెకనులో అన్నాడు:
గాయమైందని దానికి తెలుస్తుంది తల్లీ.
నొప్పో కాదో,
నాకు తెలియదు.

ప్రసారంలో అది రాలేదు.
పిల్ల ప్రశ్న తర్వాత నేరుగా
నిమ్మచెక్క పిండుతున్న చెయ్యి.
చక్కగా అతికించారు, అతుకే కనపడలేదు.

సోమవారం ఫ్రీజర్ తెరిస్తే
పై అరలో కొత్త డబ్బా.
మంచు గీకి చూశాను.
మూతమీద మార్కరుతో, వంకర ఇంగ్లీషు అక్షరాల్లో
కనరు 1,
కనరు 2,
మూడో దాని పక్కన ఒక ప్రశ్న గుర్తు.

షూటింగు అయ్యాక మిగిలిన ముక్కలు
సంచీలో వేసుకుని బస్సెక్కుతాను.
టాస్మన్ వంతెన దాటేలోపు తినేస్తాను,
నిన్నటిదాంతో సహా.