ఢిల్లీ వచ్చిందేటి?

కాశీబుగ్గలో మా వీధికల్లా ఒకే టీవీ,
బట్టీ మేస్త్రి జోగినాయుడి వరండాలో,
తలుపులున్న చెక్కపెట్టెలో, తాళం వేసి.
పైన కుట్లల్లికల గుడ్డ, గుడ్డ మీద ప్లాస్టిక్ హంస.
గుంటలం మేం
జీడిపిక్కల జిడ్డుకి నల్లబడ్డ చేతులు వెనక్కి దాచుకుని
గోనెసంచుల మీద కూచునేవాళ్ళం.

డాబా మీద యాంటెనా తిప్పేవాడు ఢిల్లేశ్వర్రావు.
"ఢిల్లీ! ఢిల్లీ రానేదురా!"
"నానిక్కడే ఉన్నాను కదేటి!"

విశాపట్నం వేపు తిప్పితే తెరంతా ఇసక గాలి.
బరంపురం వేపు తిప్పితే బొమ్మ అద్దం,
మాటలు మాత్రం ఒడియా.

అప్పుడు దిక్కు ఊర్మిళ పిన్ని.
పుట్టిల్లు బరంపురం పక్కనే అని తనే చెప్పింది.
పగలు పిక్కలు ఒలిచేది, రాత్రి జాకెట్లు కుట్టేది,
బుధవారం ఒక్కరోజూ మిషనుకి సెలవు.

తెరమీద తెల్లచీరావిడ, చేతిలో ఉత్తరం.
చదివేది, ఆగేది, మళ్ళీ చదివేది.
పిన్ని ముక్కు చీదేది:
"మొగుడు రాసాడట. మరి రానన్నాడట.
మిల్లు దగ్గిర ఇంకో కాపరం పెట్టీసాడట."
మేం బావురుమనేవాళ్ళం.
మేస్త్రి పంచెకొంగుతో కళ్ళు తుడుచుకుని
"బట్టీ పొగ" అనేవాడు.
ఆ పూట బట్టీ మూసే ఉండేది.

ఓ బుధవారం సగంలో కరెంటు పోయింది.
"తరవాతేటయింది పిన్నీ?"
చీకట్లోనే కథ నడిపీసింది,
ఒక్క మాట తడుముకోకుండా.

పెద్దయ్యాక ఖుర్దారోడ్డులో గూడ్సు గార్డుని,
ఒడియా ఒంటబట్టింది.
ఓ రాత్రి రన్నింగ్ రూములో పాత కార్యక్రమాలేవో వేస్తన్నారు.
అదే తెల్లచీర. అదే ఉత్తరం.
ఎవరో రైతు రాసింది.
వరికి దోమపోటు తగిలిందట,
మందు ఎకరాకి ఎంత కలపాలని అడుగుతున్నాడు.

నవ్వి నవ్వి టీ ఒలకబోసుకున్నాను.
పక్కమంచం సామల్ లేచి కూచున్నాడు. "ఏమైంది?"
"ఏం లేదు. ఆవిడ మొగుడు వచ్చాడేమో అని చూస్తన్నాను."

మర్నాడు ఢిల్లీకి ఫోన్ చేసి అంతా చెప్పాను.
వాడు చాలాసేపు మాటాడలేదు. తరవాత అన్నాడు:
"నాకేటి తెలుసురా, నాను డాబా మీదే కదా,
ఒక్క వారమూ బొమ్మ చూడనేదు.
కింద మీ ఏడుపు ఇనిపించీది.
హమ్మయ్య, బొమ్మ బాగా వస్తంది అనుకుని
కదలకుండా నిలబడీవాణ్ణి."