కుప్ప

తమిళంలో కుప్పై అంటే చెత్త.
మా ఇంట్లో కుప్ప అంటే పోగు, వడ్లయినా సరే.
పులియాంతోపులో పుట్టినవాణ్ణి,
ఆ రెండు మాటల మధ్య సందులో పెరిగాను.

అంకమ్మవ్వ కార్పొరేషన్ చీపురు పట్టింది ముప్పై ఒక్క ఏడు.
తోపుడుబండి చక్రాల్లో ఒకటి ఎప్పుడూ ఏడ్చేది.
కొడుంగయ్యూరు పొగ వైపు గడ్డం చూపించి
"పారేశామంటారు నాయినా,
పారేసిందేదీ పోదు.
చెయ్యి మారతాది, అంతే" అనేది.

నేను కల్పాక్కంలో కాంట్రాక్టు మనిషిని.
తెల్లారకముందే తాంబరం, అక్కణ్ణించి వ్యాను.
డ్రమ్ములు దొర్లిస్తాం.
సిమెంటులో గడ్డకట్టిన వడపోత బురద,
ఎవరో తొడిగి విప్పిన చేతి తొడుగులు,
తుడిచిన గుడ్డలు.
(గుడ్డ దాకా వచ్చాక అవ్వ పనీ నా పనీ ఒకటే.)
గుండె మీద బిళ్ళ
నా ఒంట్లో ఎంత దిగిందో లెక్క రాసుకుంటుంది.
ఎప్పుడో ఓ కాగితం వస్తుంది: హద్దులోనే ఉంది.
హద్దు ఎవరు గీశారో అందులో ఉండదు.

శిక్షణ రోజు సారు చెప్పాడు,
ఈ కందకానికి మూడొందల ఏళ్ళు కాపలా ఉండాలని.
గాజులో పోసి బిగించినదానికి ఇంకా ఎక్కువట,
సున్నాలు రాస్తూ రాస్తూ సుద్దముక్క అరగదీశాడు.
నా కాంట్రాక్టు పదకొండు నెలలు.

మూడొందల ఏళ్ళ కింద ఈ పట్నం ఏముంది?
ఒక కోటగోడ, తోటలు,
అలల పక్కన వలలు ఆరేసుకున్న కుప్పాలు.
చూశారా, కుప్పం అంటే ఊరు కూడా.

కందకం దగ్గర పసుపు బోర్డు మీద మూడు భాషలు.
మాది లేదు. ఉన్నా నేను చదవలేను,
తమిళ బడి నాది.
ఈ ముక్కలు కూడా తమిళ అక్షరాల్లో రాసుకున్న తెలుగు,
ఎవరో మీ లిపిలోకి ఎత్తిపోశారు.
రాయని మాట అవ్వ నోట్లోంచి నా నోట్లోకి
ఏ బోర్డూ లేకుండానే వచ్చింది.
ఇంకో పన్నెండు తరాలు వస్తుందా?
ఆ మాట సారునే అడిగాను. టీ తాగమన్నాడు.

సాయంత్రం గేటు దగ్గర
యంత్రంలో రెండు చేతులూ పెట్టి నిలబడతాను.
పచ్చ దీపం. శుభ్రం, పొమ్మంటుంది.

అవ్వకి నీళ్ళు పైనుంచి పోసేవాళ్ళు, దోసిట్లో.
గ్లాసు ఇచ్చేవాళ్ళు కాదు.
ముప్పై ఒక్క ఏడు
ఆమె చేతులకి ఏ దీపమూ వెలగలేదు.

ఇంటికొచ్చేసరికి నా కూతురు జెరూషా పరిగెత్తుకొస్తుంది.
దీపం మాట నమ్ముతాను.
అయినా ముందు పంపు దగ్గరికే వెళతాను.