దామాసో నూనె డబ్బా

పోర్తుగలేతెలో రోడ్డు
నది దాకా వచ్చి ఆగిపోతుంది.
అవతలి గట్టున, లాస్ అరెనాస్‌లో,
ఏమీ జరగనట్టే మళ్ళీ మొదలవుతుంది.
మధ్యన తెగిన ముక్కని
ఇనుపతాళ్ళకు కట్టి వేలాడదీశారు.
అదే మా వంతెన.

మామూలు వంతెన కట్టుకుంటే పోయేదిగా
అంటారు చూడ్డానికొచ్చినవాళ్ళు.
పోయేవి, ఓడలు.
గనుల ఎర్రరాయి నింపుకుని
నెర్వియోన్ నోట్లోంచి సముద్రంలోకి వెళ్ళే ఓడల
తెరచాప కొయ్యలు మబ్బుల్లో ఉండేవి.
వాటి తలకు తగలనంత ఎత్తున దారి వెయ్యాలంటే
ఇటు సగం ఊరు, అటు సగం ఊరు
మట్టికట్ట కింద పూడ్చాలి.
అందుకని వంతెనని పైనే వదిలేశారు,
నలభై అయిదు మీటర్ల పైన.
రోడ్డుని మాత్రం కిందికి దించారు.

మా నాన్న దామాసోకి ఆ పైన ఉద్యోగం.
పట్టాల మీద వరసగా చక్రాలు,
చక్రాలకింద తాళ్ళు,
తాళ్ళ చివర గొండోలా.
తాళ్ళు నిటారుగా దిగవు,
జడపాయల్లా ఒకదాన్నొకటి దాటుకుంటూ దిగుతాయి.
అందుకే సముద్రపు గాలి ఎంత తోసినా
గొండోలాలో పాలబిందె తొణకదు.
"ఉయ్యాల కాదే పిల్లా, త్రాసు పళ్ళెం" అనేవాడు.
మొదట్లో ఆవిరియంత్రం లాగేదట, తర్వాత కరెంటు.
ఏది లాగినా
చక్రం కీచుమంటే మాత్రం
ఊరంతా తలెత్తి నాన్ననే చూసేది.

మేనత్త నికాసియా రోజూ దాటేది,
అవతలి మేడల దుప్పట్లు మూటగట్టుకుని
కంచరగాడిదల పక్కన నిలబడి.
ఒకసారి శవపేటిక ఎక్కింది.
మనిషి రేటా, సామాను రేటా?
టికెట్ల అబ్బాయికీ అల్లుడికీ తగువు
తేలేలోపే అవతలి గట్టు వచ్చేసింది.
చచ్చినాయన ఉత్తపుణ్యానికి దాటాడు.

ముప్ఫై ఏడు, జూన్.
ఏరు దాటాక తెప్ప తగలేస్తారని విన్నాం.
వెనక్కి తగ్గుతున్న మా సైన్యం
ఏటి మీది ఆకాశాన్నే పేల్చేసింది.
పైదూలం దూలమంతా నీళ్ళలో పడింది.
అటు రెండు కాళ్ళు, ఇటు రెండు కాళ్ళు,
మొండెం లేకుండా నిలబడ్డాయి గోపురాలు.
ఆ సాయంత్రం నాన్న రేవు మెట్లమీద,
చేతిలో నూనె డబ్బా,
వెయ్యడానికి చక్రం లేదు.

నాలుగేళ్ళు పడవలే.
అత్త దుప్పట్లు ఇస్త్రీకి ముందే మళ్ళీ తడిసేవి.
డబ్బా మా వంటింటి కిటికీలో ఉండేది.
అమ్మ కుట్టుమిషన్‌కి నెలకో చుక్క,
తలుపు బందులకి ఒకటి.
నాన్న పేపరు తీస్తే
ఫ్రాన్సులోనో ఎక్కడో
ఇలాంటి వంతెనల కబుర్లే వెతికేవాడు.
ఒకటి యుద్ధంలో కూలిందట,
ఒకటి తుక్కుకింద పోయిందట.
మేనమామల చావు కబురులా
మడిచి జేబులో పెట్టుకునేవాడు.

నలభై ఒకటిలో కొత్త దూలం ఎక్కింది.
పిలిచారు నాన్నని.
పన్నెండు మెట్లెక్కి దిగొచ్చాడు.
మోకాళ్ళంటాడు. నేను లెక్కపెట్టాను,
పన్నెండో మెట్టు మీద
ఆయన పైకి కాదు, నీళ్ళలోకి చూశాడు.
డబ్బా నా చేతిలో పెట్టాడు.
ఆడపిల్లని ఎవరు ఎక్కనిస్తారు?
నవ్వారు.

అలా జీవితమంతా టికెట్టు కొనుక్కుని దాటాను.
బట్టల కొట్టుకి, ఆస్పత్రికి, ఊరికే కూడా.
మూతలు పడే రెండు నిమిషాల కంటికి
పైన చక్రాలు వినిపిస్తాయి, అన్నీ విడివిడిగా.
ఇప్పుడు కుర్రాళ్ళు వాటిని మిషన్లతో పరీక్షిస్తారు,
బాగానే చూసుకుంటారు.
అయినా ఈ చలికాలం నుంచి
ఎడమవైపు మూడోది
నది మధ్యకొచ్చాక చిన్నగా మూలుగుతోంది.
ఎవరికీ చెప్పలేదు.
చెబితే బాగుచేసేస్తారు.