పదకొండు సెకన్లు

సాలిగ్రామంలో, మేడ మీద,
గోడలకి గుడ్ల అట్టలు అంటించిన గదిలో
పద్నాలుగేళ్లుగా నేను ఎతియెన్ బ్రివార్‌ని.
తెలుగులో.
నిమిషానికి నాలుగొందలు.
దగ్గితే మళ్లీ మొదటి నుంచి.

అతను మొదట సైకిల్ పందేల వ్యాఖ్యాత.
కొండెక్కుతున్న నూటయాభై మందిని
పేరుపేరునా పిలుస్తూ, టీవీలో,
ఐదు గంటలు నోరు మూయకుండా మాట్లాడిన మనిషి.
వాన పడితే వాన గురించి,
ఏమీ జరక్కపోతే దారి పక్క ఆవుల గురించి.
మా మేనత్తా అంతే. కాకపోతే ఆవిడకెవరూ జీతమివ్వలేదు.

ఒక మధ్యాహ్నం, దిగుడులో, ఒక కుర్రాడు పడ్డాడు.
లేవలేదు.
బ్రివార్ పదకొండు సెకన్లు ఏమీ అనలేదు.
పైవాళ్లు ఫోన్ చేశారట, మైకు పోయిందా అని.
"పోలేదు, ఇప్పుడే పనిచేసింది" అన్నాడట.
మరుసటేడు కెమెరా కొనుక్కున్నాడు.

ఇదంతా నాకతనే చెప్పాడు, కాశిమేడులో,
వలలు బాగుచేసేవాళ్ల మీద సినిమా తీయడానికొచ్చినప్పుడు.
నన్ను దుబాసీగా పెట్టుకున్నారు.
అతని వచ్చీరాని ఇంగ్లీషుకీ
అందోణియమ్మ తమిళానికీ మధ్య నా తెలుగు నోరు.
మూడు రోజులు ఒక్క ప్రశ్న వేయలేదతను.
నైలాన్ దారం పంటితో తెంపుతూ ఆవిడే అడిగింది:
"ఈ దొరకి మాటలు రావా?"
తర్జుమా చేశాను. నవ్వాడు.
"ఇరవై ఏళ్లు అప్పు చేసి మాట్లాడాను,
ఇప్పుడు తీరుస్తున్నానని చెప్పు."
అప్పు అన్న మాట ఆవిడకి వెంటనే అర్థమైంది.
జరిగి చోటిచ్చింది.

ఆ సినిమా నిన్న వచ్చింది నా బల్ల మీదికి.
యాభై రెండు నిమిషాలు.
అందులో అతని గొంతు ఆరు.
వేళ్ల మీద లెక్కేసుకున్నాను, రెండువేల నాలుగొందలు.
"మనవాళ్లు ఇంతసేపు ఊరికే చూడరండీ" అన్నాడు బాలగురునాథం,
"ఏదన్నా పోయండి, సముద్రం, శ్రమ, నాలుగు మంచి ముక్కలు."
పోశాను. డబ్బవసరం ఎవరికి లేదు?
సముద్రం మీద ఒక పేజీ, శ్రమ మీద పేజీన్నర.

తెర మీద అందోణియమ్మ
చిరుగు కోసం వలని వెలుగుకెత్తి పట్టుకుంది.
ఆ కన్నాల్లోంచి పొద్దు, పడవలు,
టీ గ్లాసుతో ఎవరిదో మోచెయ్యి.
నాదే.

ఎర్రదీపం వెలిగింది.
అద్దం వెనక సౌండింజనీరు వేలాడించాడు, చదవమని.

ఊపిరి మైకులో పడకుండా
మొహం పక్కకి తిప్పుకుని
ఒకటి, అనుకున్నాను.
రెండు.